వేషమూ – వేషాలూ

మన భాషలో ఒక చిత్రముంది. "ఫలానావారు సత్యభామ వేషం వేశారు" అంటే గౌరవం. అదే మాటను బహువచనం చేసి "ఏమిటా వేషాలు?" అంటే చీవాట్లు. నాటకం సంగతీ అంతే. నాటకం ఆడినవాడికి చప్పట్లు, నాటకాలాడినవాడికి చెంపదెబ్బలు.

ఇది మనకొక్కరికే చెందిన చిత్రం కాదు. నేను ఇరవయ్యేళ్ళ పైబడి కాపురముంటున్న ఈ బుకిట్ బటోక్‌లో ఇరుగుపొరుగు చీనావాళ్ళ నోటా, మలయ్‌వాళ్ళ నోటా "వాయాంగ్" అనే మాట వింటూంటాను. అది మలయ్ మాట. తోలుబొమ్మలాటకూ వాయాంగే, వీధిలో పందిరి వేసి ఆడే చీనా నాటకానికీ వాయాంగే. ఆఫీసులో పైఅధికారి అటుగా వచ్చినప్పుడు మాత్రమే కాగితాలు ముందేసుకుని చెమటలు కక్కేవాణ్ణి చూసి కూడా "వాయాంగ్ చేస్తున్నాడు" అంటారు. నటుణ్ణి మెచ్చుకునే మాటా, నటించేవాణ్ణి ఎత్తిపొడిచే మాటా ఇక్కడా ఒకటే, మన కృష్ణా జిల్లాలోనూ ఒకటే.

సంపాదకులుగారు మొన్న ఎదురుపడి, "మీరు వేషాలు వేస్తూంటారు గదా, ఈ ఫోన్లూ, ఫోటోలూ, రీళ్ళూ మన మనుషుల్ని ఏం చేస్తున్నాయో నాలుగు మాటలు రాయండి" అన్నారు. వారు బహువచనం వాడారు గాని ఏకవచనమే వారి ఉద్దేశమని నమ్మి రాస్తున్నాను.

కొత్త సభ్యుల కోసం నా సంగతి రెండు ముక్కల్లో చెబుతాను. వృత్తి ఇంజనీరింగు. 1997లో ఈ దేశం వచ్చాను. మా ఊరు మొవ్వ దగ్గర, కూచిపూడికి సైకిలు దూరం. మా నాన్నగారు బడిపంతులు. "చదువుతోపాటు ఒళ్ళు వంగే విద్య ఒకటుండాలి" అని 1979లో మా అన్నదమ్ములిద్దర్నీ ఒక గురువుగారికి అప్పగించారు. నాకు తొమ్మిదేళ్ళు, అన్నయ్యకు పన్నెండు. గురువుగారు మమ్మల్ని ఎగాదిగా చూసి, "చిన్నవాడు సత్య, పెద్దవాడు మాధవి" అని తేల్చేశారు. సత్య ఎవరో నాకు తెలీదు, మాధవి ఎవరో అన్నయ్యకు తెలీదు. ఇద్దరు మగపిల్లలకు అలా ఆడవేషాలు పంచిపెట్టడం ఆ ఊళ్ళో ఎవరికీ వింతగా మాత్రం తోచలేదు.

ఎందుకు తోస్తుంది? కూచిపూడి కుటుంబాల్లో పుట్టిన ప్రతి మగపిల్లవాడూ జన్మలో ఒక్కసారైనా సత్యభామ వేషం కట్టాలని సిద్ధేంద్రయోగి కట్టడి చేశారని అక్కడ తరతరాలుగా చెప్పుకుంటారు. వేదాంతం సత్యనారాయణశర్మగారు (1935–2012) ఆ వేషంతోనే దేశమంతా పేరు పొందారు, 1970లో పద్మశ్రీ అందుకున్నారు. రంగస్థలం మీద స్థానం నరసింహారావుగారు (1902–1971) అంతకుముందే, 1956లో, అదే బిరుదు పొందారు. వారిద్దరూ ఇళ్ళకు పోయి అన్నం తిని, సంసారాలు చేసుకున్నవారే. తెరముందు సత్యభామ, తెరవెనుక సత్యనారాయణశర్మగారు. ఈ రెండింటికీ తగవు ఉంటుందని ఆ కాలపు ప్రేక్షకుడికి తట్టలేదు. ఆ తరవాత వెంపటి చినసత్యంగారు 1963లో మద్రాసులో కూచిపూడి ఆర్ట్ అకాడమీ పెట్టి ఆడపిల్లలకు విరివిగా నేర్పారు. ఇవాళ మన పిల్లలు కూచిపూడి అనగానే ఆడపిల్లల నాట్యమే అనుకుంటున్నారు. అది సంతోషించవలసిన మార్పే. కాకపోతే నాబోటి మగసత్యభామ ఈ రోజుల్లో ఒక వింతజంతువు. నా కథ అంతా ఆ వింతలోంచే వచ్చింది గనక ఇంత పీఠిక వేశాను.

ఇక భామాకలాపం గురించి. ఇందులో "నువ్వెవరు?" అనే ప్రశ్న మొదటినుంచి చివరిదాకా ఉంటుంది. సత్యభామ ఊరికే వచ్చి రంగం మీద నిలబడదు. ఇద్దరు మనుషులు చెరో కొసా పట్టుకుని తెర కడతారు. ఆ తెర మీదుగా ముందు జడ వచ్చి పడుతుంది. విద్యలో నన్ను మించినవారుంటే ఈ జడ కోయండి అని సవాలన్నమాట. ఆ తరవాత ప్రవేశదరువులో తానెవరో తానే చెప్పుకుంటుంది. పాత రోజుల్లో ఆ క్షణంలో కాగడాల మీద గుగ్గిలం చల్లేవారు. భగ్గుమన్న వెలుతురులో ముఖం కనిపించేది. "నేను సత్యభామను" అని నటుడు అంటే సరిపోదు. ఎదుట కూర్చున్న పదిమందీ మనసులో "సరే, నువ్వు సత్యభామవే" అనాలి. వాళ్ళు అనకపోతే అర్దళం పూసుకున్న మగవాడు చీరలో నిలబడి ఉంటాడు, అంతే.

మాధవి మరీ విడ్డూరం. సూత్రధారుడే ఆ పాత్ర కూడా కడతాడు. సత్య దగ్గరికి వచ్చినప్పుడు ఆమె చెలికత్తె మాధవి. కృష్ణుడి దగ్గరికి వెళ్ళినప్పుడు అతడి చెలికాడు మాధవుడు. ఉన్న మనిషి ఒక్కడే, కట్టిన బట్ట ఒక్కటే. ఎదుట ఎవరు నిలబడ్డారన్నదాన్నిబట్టి ఆడో మగో అవుతాడు. చిన్నప్పుడు అన్నయ్య ఆ మార్పు చేస్తూంటే నేను పక్కన నిలబడి అలానే చూస్తూండిపోయేవాణ్ణి. మెడ రవ్వంత వంచేవాడు, గొంతు రవ్వంత మార్చేవాడు, అంతే. మనిషి అంటే లోపల దాచుకున్న ఒక గట్టి వస్తువు కాదు, ఎదుటివాడితో కలిసి ఎప్పటికప్పుడు నిలబెట్టుకునేది అన్న సంగతి నేను పుస్తకాల్లో చదువుకోలేదు. మా అన్నయ్య మెడలో చూశాను.

కథ మీకు తెలిసినదే. సత్యభామా కృష్ణుడూ అద్దం ముందు నిలబడ్డప్పుడు ఎవరు అందగాళ్ళని వాదు వస్తుంది. ఆయన అలిగి వెళ్ళిపోతాడు. విరహంలో వేగి వేగి చివరికి ఆమె ఉత్తరం రాస్తుంది. ఆ ఉత్తరం మోసుకుపోవడానికి మాధవి ఊరికే ఒప్పుకోదు. ముక్కెర ఇస్తేగాని కదలదు. అద్దంలో మొదలైన తగవు ఉత్తరంతో తీరుతుంది. ఈ రెంటి మధ్యా సత్యభామ గర్వం కరిగి నీరవుతుంది. ఆట అంతా ఆ కరగడమే. జడ విసరడం నిమిషం పని, కరగడానికి గంటలు పడుతుంది.

ఇది మనసులో పెట్టుకుని ఇక ఫోను దగ్గరికి రండి.

నేను ఫోనును తిట్టడానికి కలం పట్టలేదు. 2020 ఏప్రిల్ 7 నుంచి జూన్ 1 దాకా ఈ దేశంలో మనందరం తలుపులు వేసుకుని కూర్చున్న రోజులు మీకు గుర్తే. ఆ మే నెలలో ఒక శనివారంనాడు మా పడకగదిలో మంచం గోడకు నిలబెట్టి, కిటికీ తెరలే రంగం తెరలు చేసి, నేను భామాకలాపం ఆడాను. మా ఆవిడ తాళం వేసింది, మా అమ్మాయి ఫోను నిలబెట్టింది. మా ఫ్లాటు కింద కాపురమున్న ముసలాయనకు ఇబ్బంది కాకుండా గజ్జెలు మానేసి, కింద దుప్పట్లు పరిచాం. చూసినవారు ఇద్దరే. మొవ్వ దగ్గర మా ఇంట్లో మంచం మీద మా అమ్మ. ఆమె ముఖానికి ఎదురుగా ఫోను పట్టుకుని అన్నయ్య.

అమ్మకు అప్పటికి ఎనభై దాటాయి. పాతికేళ్ళకు పైగా ఆవిడ నా వేషం చూడలేదు. మధ్యమధ్య బొమ్మ ఆగిపోయేది. అన్నయ్య "ఉండరా, అక్కడే ఉండు" అనేవాడు. నేను చెయ్యి ఎత్తినవాణ్ణి ఎత్తినట్టే ఉండేవాణ్ణి. మళ్ళీ బొమ్మ కదిలితే అక్కణ్ణుంచే అందుకునేవాణ్ణి. మాధవి వచ్చే చోట వేషధారి లేడు. అన్నయ్య ఆ వైపునుంచే, ఫోను పట్టుకున్న చెయ్యి దించకుండా, నలభయ్యేళ్ళ కిందటి సంవాదం అందుకున్నాడు. ఒక్క మాట తప్పలేదు. రెండు గంటలు ఆ చెయ్యి అలాగే ఉంది. అయ్యాక అమ్మ, "ఆకలేస్తోందేమో, ముందు రంగు కడుక్కుని అన్నం తిను" అంది. ఆ మాట నేను తొమ్మిదో ఏటినుంచీ విన్నదే.

2021లో అమ్మ పోయింది. విమానాలు మనకు అందుబాటులో లేని రోజులు. ఆ చివరి చూపు కూడా అన్నయ్య చేతిలోని ఆ ఫోనులోనే. మీలో ఎంతమందికి ఆ అనుభవం ఉందో నాకు తెలుసు గనక ఇంతకంటె రాయను. ఆ ఫోనే లేకపోతే ఆ మాత్రం కూడా లేదని మాత్రం చెబుతాను.

తరవాతి సంగతి 2023 ఉగాది తరవాతిది. ఇక్కడ ఒక సభామందిరంలో భామాకలాపంలో ఒక గంట భాగం వేశాను. తెర మీదుగా జడ వేసి తల ఎత్తి చూసేసరికి నాకు ముఖాలు కనిపించలేదు. సగం సభలో ముఖాలున్న చోట ఫోన్లున్నాయి. వాటి వెనకనుంచి మనవాళ్ళే, అందరూ నాకు కావలసినవాళ్ళే, నన్ను చూస్తున్నారు. చూస్తున్నారా, పడుతున్నారా అన్నది వాళ్ళకే తెలియాలి. నటుడికి మాత్రం తేడా వెంటనే తెలిసిపోతుంది. ముఖం ఎదురుగా ఉంటే రసం అటు పోయి ఇటు వస్తుంది. నల్లటి పలక ఎదురుగా ఉంటే పోయినది పోయినట్టే.

చూసినవారెవరో అందులోనుంచి 30 సెకన్ల ముక్క కోసి రీలుగా పెట్టారు. జడ, ఆ తరవాత గర్వంతో వేసే నాలుగు అడుగులు. అది ఎక్కడెక్కడికో పోయింది. వారం తిరిగేసరికి 40 వేలమంది చూశారని మా అమ్మాయి చెప్పింది. కింద రాతలు కూడా చదివి వినిపించింది. కొందరు నవ్వే బొమ్మలు పెట్టారు. కొందరు "ఆడా, మగా?" అని అడిగారు. కొందరు ఈ వయసులో ఇదేం పోయేకాలమన్నారు. మరి కొందరు సాక్షాత్తూ అమ్మవారే దిగివచ్చిందన్నారు. నా మట్టుకు నాకు తిట్టినవాళ్ళకూ పొగిడినవాళ్ళకూ పెద్ద తేడా కనిపించలేదు. ఆ 40 వేలమందిలో ఎవరూ కరగడం దాకా లేరు. వాళ్ళు చూసినది గర్వం ఒక్కటే. గర్వం మాత్రమే తెలిసిన సత్యభామ, సత్యభామ కాదు.

ఆ ముక్క తిరిగి తిరిగి మా బంధువుల ఫోను గ్రూపులో పడింది. ఒకాయన హాస్యమాడాడు. ఇంకొకాయన దాన్ని పెంచాడు. అన్నయ్య కూతురికి అప్పుడు సంబంధాలు చూస్తున్నారు. వియ్యపువారు కాబోయేవాళ్ళెవరో "పిల్ల బాబాయి ఈయనేనా?" అని అడిగారట. అన్నయ్య ఆ గ్రూపులో ఒక్క వాక్యం రాశాడు: "ఇవేం వేషాలురా?" అని. రాసి, గ్రూపులోంచి వెళ్ళిపోయాడు.

బహువచనం. అదే నన్ను కోసింది. నాకు మాధవిగా నిలబడినవాడు, 2020లో రెండు గంటలు చెయ్యి దించనివాడు, ఆ మాట బహువచనంలో అన్నాడు. ఫోను అదే, వేషం అదే, చూసినవాడూ ఆయనే. ఒకసారి మొత్తం చూశాడు, పక్కన అమ్మ ఉంది, మాటకు మాట అందించాడు. రెండోసారి ముక్క చూశాడు, పక్కన నవ్వేవాళ్ళున్నారు. మాధవి ఎదుటివారినిబట్టి మాధవుడు అయినట్టు, అన్నయ్య కూడా ఆ గ్రూపు ఎదుట మరో మనిషి అయ్యాడు. నేను ఫోను చేస్తే తియ్యలేదు. నెలలు గడిచాయి. మేమిద్దరం మాట్లాడుకోవడానికి మధ్యన అమ్మ కూడా లేదు.

మా అమ్మాయికి కోపం వచ్చింది. "నాన్నా, ఒక్కొక్కరికీ జవాబు రాస్తాను" అంది. వద్దన్నాను. మాట మీద మాట వచ్చి అప్పుడే దాని సంగతి ఒకటి తెలిసింది. దానికి రెండు ఖాతాలున్నాయట. ఒకటి అసలు పేరుతో. అందులో సెలవులకు పోయిన ఊళ్ళు, పుట్టినరోజు కేకులు, నవ్వులు. రెండోది ఏదో పిచ్చిపేరుతో. దాన్ని చూడగలిగేవాళ్ళు పదిమంది స్నేహితురాళ్ళే. పరీక్ష పాడైనరోజూ, ఏడ్చినరోజూ, మొటిమలు లేచినరోజూ అందులో ఉంటాయి. దాని తోటివాళ్ళలో ఇది మామూలేనట. "అంటే అసలు పేరుతో ఉన్నది వేషం, దొంగపేరుతో ఉన్నది నువ్వు, అంతేగదా?" అన్నాను. కాస్సేపు ఆలోచించి, "అంతే నాన్నా, కాని అసలు పేరుది విప్పడానికి లేదు" అంది.

ఆ మాట నాకు పట్టుకుంది. వేషధారికి ఒక అదృష్టముంది. ఆట అవగానే జడబిళ్ళలూ సవరమూ తీసి పక్కన పెడతాడు, కొబ్బరినూనెతో రంగు తుడుస్తాడు, అద్దంలో తన ముఖం చూసుకుంటాడు, ఇంటికి పోయి అన్నం తింటాడు. మన పగటివేషాలవాళ్ళు కూడా అంతే. రోజుకొక వేషంతో ఊరంతా తిరిగి, చివరి రోజున వచ్చి సంభావన పుచ్చుకుని సెలవు తీసుకునేవారు. వేషానికి ఒక మొదలూ చివరా ఉంటాయి, కట్టినవాడికీ చూసినవాడికీ ఒప్పందముంటుంది. మా అమ్మాయి వేసే వేషానికి తెర దిగదు. రాత్రి రెండింటికి కూడా ఎవరో ఒకరు సభలోకి వచ్చి చూస్తూంటారు. మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళం మాత్రం వేరేగా ఉన్నామా? కొత్త కారు, పిల్లవాడి మార్కులు, దీపావళి ముగ్గు అన్నీ పెడతాం. ఉద్యోగం పోయిన నెల, డాక్టరు కబురు చెప్పిన సాయంకాలం పెట్టం. జడ విసిరిన సత్యభామల్ని ఒకరికొకరం చూపించుకుంటూ, ఉత్తరం రాసే సత్యభామను లోపలి గదిలో ఉంచుతాం. అంచేత పక్క బ్లాకులో ఉన్న స్నేహితుడు పడుతున్న అవస్థ మనకు ఆరు నెలలకుగాని తెలియదు.

అన్నట్టు, నన్ను ఆ రోజుల్లో నిలబెట్టినవాడు మా కింది ఇంటి ముసలాయన. మన బ్లాకుల కింది ఖాళీ జాగాలో, వాయిడ్ డెక్‌లో, తెల్లవారుజామున ఆరింటికి నేను గజ్జెలు లేకుండా సాధన చేసుకుంటాను. బటోక్ అంటే మలయ్‌లో దగ్గు. ఇక్కడి రాతిక్వారీల్లో మందు పేలిస్తే కొండ దగ్గినట్టుండేదని, అందుకే ఈ పేరని ఒక కథ చెబుతారు. ఆ క్వారీలు ఎప్పుడో ఆగిపోయాయి. లిటిల్ గ్విలిన్ చెరువులో మిగిలిన ఆ బండల ముందు ఇప్పుడు మన పెళ్ళిజంటలు ఫోటోలు దిగుతున్నాయి. నేను మళ్ళీ పొద్దున్నే దగ్గించడం ఎందుకని నా జాగ్రత్త. అదే వేళకు ఆ ముసలాయన నెమ్మదిగా చేతులు ఊపుకుంటూ వ్యాయామం చేసేవాడు. ఇద్దరం తల ఊపుకునేవాళ్ళం, అంతవరకే. ఆయనకు వచ్చిన ఇంగ్లీషు కొంచెం, నాకు చీనా రాదు.

2023 ఉగాదినాటి రాత్రి నేను సగం రంగుతో, జడ భుజాన వేసుకుని లిఫ్టులో వస్తూంటే ఆయన ఎక్కాడు. ఉలిక్కిపడలేదు. నన్ను పైనుంచి కిందికి చూసి, "వాయాంగ్?" అన్నాడు. అవునన్నాను. తన చేతివేళ్ళు పువ్వులా తిప్పి, కళ్ళు వాల్చి, తల వంచాడు. ఆ ముసలి ఒంట్లోనుంచి ఒక్క క్షణం ఎవరో నాయిక తొంగిచూసి వెళ్ళిపోయింది. చిన్నతనంలో వీధినాటకాల వెంట తిరిగినవాడట. వాళ్ళ నాటకాల్లోనూ ఆడవారు మగవేషాలు, మగవారు ఆడవేషాలు కట్టడం పాత అలవాటే. మెయ్ లాన్‌ఫాంగ్ (1894–1961) అనే నటుడు స్త్రీ పాత్రలతోనే జగత్ప్రసిద్ధుడయ్యాడు. నా వేషం గురించి ఆయనకు నేను ఏమీ విడమర్చి చెప్పనక్కర్లేకపోయింది. భాష కలవని మనిషి ఏకవచనంలో అర్థం చేసుకున్నాడు.

ఆ ఆగస్టులో వాళ్ళ ఏడో నెల వచ్చింది. మన మహాలయ పక్షాల వంటిది, పితృదేవతలు తిరిగి వచ్చే కాలం. వీధుల్లో పందిళ్ళు వేసి పాటకచేరీలు పెడతారు, గేతాయ్ అంటారు. ఒక రాత్రి ఆయన నన్ను వెంటబెట్టుకుపోయాడు. వెనక జనం నిలబడి ఉన్నారు, ముందు వరస కుర్చీలన్నీ ఖాళీగా ఉన్నాయి. నేను ముందుకు నడవబోతే చెయ్యి పట్టుకుని ఆపాడు. "అవి మనవి కావు, వాళ్ళవి" అన్నాడు. పోయినవాళ్ళ కోసం ముందు వరస వదిలిపెడతారట. పాడే అమ్మాయి ఆ ఖాళీ కుర్చీల వైపే నవ్వుతూ, ఆ కుర్చీలకే చేతులు చాపి పాడుతోంది.

నేను ఆ వరసలో మా అమ్మను కూర్చోబెట్టుకున్నాను. పక్కన అన్నయ్య చెయ్యి. ఆ ఖాళీ కుర్చీలకంటె మన సభలోని ఫోన్లే నాకు ఎక్కువ ఖాళీగా కనిపించాయి. రాని అతిథికి కుర్చీ వేసి ఎదురుచూడడం ఒక మర్యాద. వచ్చి కూర్చుని కూడా రాకుండా ఉండడం మనం కొత్తగా నేర్చుకున్న విద్య.

ఇంటికి వచ్చి అన్నయ్యకు ఉత్తరం రాశాను. ఫోనులో కాదు, కాగితం మీద. మాధవే అలిగి కూర్చున్నప్పుడు సత్యకు వేరే దారేముంది? రీలు గురించి ఒక్క మాటా రాయలేదు. ఉగాదినాటి ఆట మొత్తం, దరువు వెంట దరువు, ఎక్కడ ఊపిరి అందలేదో, ఎక్కడ మోకాలు మొరాయించిందో, మాధవి వేసిన కుర్రవాడు ఏ మాట దగ్గర తడబడ్డాడో, ఉత్తరం ఘట్టంలో నాకు ఎవరు గుర్తొచ్చారో అంతా రాశాను. ఆరు పేజీలైంది. ఎప్పుడో వదిలేసిన చేతిరాత, సగం అక్షరాలు నాకే కొత్తగా కనిపించాయి. పైన చిరునామాలో మా ఊరిపేరు రాస్తూంటే చెయ్యి కాస్త ఆగింది.

మూడు వారాలకు అన్నయ్య ఫోను చేశాడు. ఉత్తరం అందిందని అనలేదు. బాగున్నావా అనలేదు. "సవరం ఎత్తుగా కట్టావేమిట్రా? బరువు మెడ మీద పడుతుంది. కిందికి దించి కట్టుకో. గురువుగారు ఎన్నిసార్లు చెప్పారు?" అన్నాడు. రీలు చూసినప్పుడే అది గమనించి ఉంటాడు. నెలల తరబడి ఆ మాట కడుపులో పెట్టుకుని కూర్చున్నాడన్నమాట. గంటసేపు మాట్లాడుకున్నాం, అంతా జడ గురించే. ఆ గ్రూపులోకి ఆయన మళ్ళీ రాలేదు. అమ్మాయి పెళ్ళి వేరే సంబంధం కుదిరి జరిగింది, నేను వెళ్ళాను. పందిట్లో ఒకరిద్దరు నన్ను చూసి నవ్వుకున్నారు. అన్నయ్య కొందరికి నన్ను "మా తమ్ముడు, ఇంజనీరు" అని, కొందరికి "మా తమ్ముడు, సత్యభామ వేషం కడతాడు" అని పరిచయం చేశాడు. ఎవరికి ఏది చెప్పాలో ఆయన ఎంచుకున్న తీరు నాకిప్పటికీ పూర్తిగా బోధపడలేదు. ఆయన మాధవి గదా, ఎవరి దగ్గర ఏ మాట అనాలో ఆయనకే తెలుసు.

సంఘం సభ్యులకు చివరగా ఒక మనవి. రాబోయే ఉగాదికి ఎవరు ఆడినా, ఎవరు పాడినా, ఐదో ఏటి పిల్ల నాలుగు అడుగులు వేసినా సరే, ముందు వరస కుర్చీలు ఫోను సంచిలో పెట్టుకున్నవాళ్ళకు కేటాయించమని కార్యవర్గాన్ని కోరుతున్నాను. ఫోటోలు కావాలంటే ఒకరిద్దరు వెనకనుంచి తీసి అందరికీ పంచవచ్చు. ఊళ్ళో ఉన్న అమ్మకో నాన్నకో మొత్తం ఆట చూపించాలని ఫోను పట్టుకుని కూర్చునేవారుంటే వారికి పక్కన మంచి జాగా ఇద్దాం, చెయ్యి నొప్పి పుడితే ఇంకొకరం అందుకుందాం. ముందు వరసలో మాత్రం మాకు ముఖాలు కావాలి.

ఆట మధ్యలో లేచి పోకండి. జడ చూసి మెచ్చుకున్నారు, సంతోషం. ఉత్తరం దాకా ఉండండి.